జఖార్ బెర్ద్నికొవ్ పదో మ్యాచ్

మా తుగులిన్‌స్క్ హాకీ మైదానంలో ఆటగాళ్ళు కూర్చునే బల్ల బర్చ్ చెక్కతో చేసింది. జఖార్ బెర్ద్నికొవ్ ఒక చలికాలమంతా దాని చివర కూర్చుని కూర్చుని ఆ చెక్కను ఎంత వెచ్చగా ఉంచాడంటే, మార్చి నెలకల్లా అక్కడ చిగురేసింది. రెండు ఆకులు. మైదానం కాపలాదారు వాటిని గిల్లి టీలో వేసుకుని తాగి, ఎనభయ్యో ఏట మళ్ళీ పెళ్ళి చేసుకున్నాడు. నమ్మనివాళ్ళు వచ్చి చూసుకోవచ్చు. ఆ తర్వాత బల్ల తీసేసి ఇనపది వేశారు కాబట్టి ఆకులు కనిపించవు. కనిపించనంత మాత్రాన లేవంటే ఎలా?

జఖార్ తండ్రి ట్రాక్టర్ల మరమ్మతు షెడ్డులో వెల్డరు. కొడుక్కి నాలుగో ఏడు రాగానే, అయిదంతస్తుల ఇళ్ళ మధ్య ఖాళీ జాగాలో గొట్టం పెట్టి నీళ్ళు వదిలాడు. తెల్లారేసరికి అది అద్దంలా గడ్డకట్టింది. పిల్లాడి కాళ్ళకి స్కేట్లు కట్టి దాని మీద నిలబెట్టి, "పడితే లేవాలి. లేస్తే మళ్ళీ పడతావ్. ఇంతే ఆట," అన్నాడు. ఆ తర్వాత పందొమ్మిదేళ్ళలో ఎంతమంది కోచ్‌లు ఎన్ని పాఠాలు చెప్పినా అంతకు మించి ఒక్క ముక్క కూడా జఖార్ బుర్రకెక్కలేదు. ఎక్కాల్సిన అవసరమూ రాలేదు.

పెరగడం మాత్రం ఆపకుండా పెరిగాడు. ఆరడుగుల నాలుగంగుళాలు. స్కేట్ల మీద నిలబడితే గుమ్మాలకి శత్రువు. ముందుకు బాగా వెళ్ళేవాడు, వెనక్కి ఇంకా బాగా వెళ్ళేవాడు, మలుపు తిరగడమే చిక్కు. ఉక్కు కార్ఖానా రైలింజన్ లాగా అతను తిరగాలంటే ముందు చుట్టుపక్కల వాళ్ళకి కబురు పెట్టాలి. అయినా ఇరవై మూడో ఏట మా ఊరి జట్టు 'గోర్న్' అతన్ని తీసుకుంది. డిఫెన్స్‌లో ఒకరికి చెయ్యి విరిగింది, ఇంకొకరికి పెళ్ళయింది, చేతికందినవాడు జఖార్.

సంతకం పెట్టించింది క్లబ్బు డైరెక్టర్ ఇన్నొకెంతి స్తెపానొవిచ్. ఈయనకి చట్టం తెలుసునని ఈయనకి గట్టి నమ్మకం. ఒప్పందాలు వకీలుతో రాయించడు, తానే రాస్తాడు. జఖార్ ఒప్పందంలో ఏడో అంశం ఇలా ఉండేది: ఒక సీజన్‌లో పది మ్యాచ్‌లు ఆడినవాడికి ఒప్పందం తనంతట తానే ఇంకో రెండేళ్ళు పెరుగుతుంది. ఆడకపోతే మార్చి ఆఖరున దండం పెట్టి ఇంటికి. మరి ఆడడం అంటే ఏమిటి? అంతకుముందు ఏడాది ఒక ఘనుడు బల్ల మీద కూర్చోవడం కూడా ఆటేనని వాదించి నెగ్గాడు. అందుకని డైరెక్టర్ ఈసారి తెలివిగా ఇంకో వాక్యం చేర్చాడు: "ఆడడం అనగా, గడియారం నడుస్తుండగా ఆటగాడి స్కేటు మైదానపు మంచును తాకడం." రాసుకుని తన వీపు తానే తట్టుకున్నాడు. చెయ్యి అందక భార్య చేత తట్టించుకున్నాడని కూడా ఊళ్ళో అంటారు.

హాకీలో ఎవడైనా తప్పు చేస్తే రెండు నిమిషాలు బోనులో కూర్చోవాలి. మైదానానికి అవతలి పక్క, బల్లకి ఎదురుగా, అద్దాల వెనక ఉంటుంది ఆ బోను. అంతసేపూ మంచు మీద, గోల్‌కీపర్ కాక, జట్టుకి అయిదుగురికి బదులు నలుగురే. రెండు నిమిషాలు నిండగానే బోను తలుపు తెరుస్తారు, లోపలివాడు నేరుగా ఆటలోకి దూకుతాడు. అవతలివాళ్ళు ఈలోపే గోలు కొడితే శిక్ష అక్కడితో సరి, ఆట ఆగి ఉండగానే వాడు నడుచుకుంటూ బల్ల దగ్గరికి వచ్చెయ్యొచ్చు. ఒక్కోసారి తప్పు ఒకడిది కాదు, జట్టు మొత్తానిది. ఆటగాళ్ళు మారేటప్పుడు లెక్క తప్పి ఆరుగురు మంచు మీదికి దిగిపోతారు. అప్పుడు బోనులో ఎవరు కూర్చోవాలో కోచ్ చెప్పాలి. బాగా ఆడేవాణ్ణి ఏ కోచూ పంపడు.

మా కోచ్ ఫాద్దెయ్ ల్వోవిచ్ ఆ విషయంలో ఆలోచించడం ఎప్పుడో మానేశాడు. రిఫరీ చెయ్యెత్తగానే ఆయన నోట్లోంచి తుమ్ములాగా వచ్చేసేది: "బెర్ద్నికొవ్, కూర్చో!"

మా వాళ్ళకి లెక్క తప్పడం అలవాటే కాబట్టి జఖార్‌కి పని బాగానే ఉండేది. డిసెంబరు ఆఖరుకి తొమ్మిది మ్యాచ్‌లయ్యాయి. మూడు, జట్టు సగానికి జ్వరాలు వచ్చినప్పుడు. ఆరు, బోనులోంచి బయటికొచ్చి బల్ల దాకా ఆటలో అడ్డం పడి వెళ్ళినందుకు. మొత్తం కలిపితే మంచు మీద ఇరవై నిమిషాలు. ఊళ్ళో అతన్ని 'ఖైదీ' అనేవాళ్ళు, ముద్దుగానే.

జనవరిలో డైరెక్టర్ భార్య తమ్ముడు తన కొడుకుని తెచ్చి, వీడికి వచ్చే సీజన్‌లో చోటు కావాలన్నాడు. భార్య తమ్ముడికి లేదని చెప్పిన మగవాడు మా ఊళ్ళో ఇంకా పుట్టలేదు. డైరెక్టర్ కోచ్‌ని పిలిచి తలుపు వేశాడు.

"ఖైదీకి తొమ్మిదయ్యాయి. పదోది వద్దు."

"బల్ల నిండా మనుషులుండాలి కదండీ, రూలు."

"బల్ల మీద ఉంచు. వాడి బతుకంతా ఉంచు. మంచు మీద వాడి కాలు పడితే మాత్రం నీ కాలు గేటు బయట పడుతుంది."

కోచ్ అప్పట్నుంచీ నాలిక కరుచుకుని ఇంకెవర్నో బోనుకి పంపించేవాడు. జనవరి, ఫిబ్రవరి అలాగే గడిచాయి. జఖార్ ప్రతి మ్యాచ్‌కీ పూర్తిగా తయారై, కవచాలన్నీ కట్టుకుని, హెల్మెట్ పెట్టుకుని, బల్ల చివర కూర్చుని, మ్యాచ్ అయ్యాక అవన్నీ విప్పుకునేవాడు. అందరికీ చెమట ఆటలో పడితే ఇతనికి కట్టుకోవడంలో పట్టేది.

ఇంటి సంగతి. జఖార్ ఇల్లరికపు అల్లుడు. భార్య రిమ్మా మంచి పిల్ల, పిల్లల ఆసుపత్రిలో నర్సు. రెండు గదుల ఫ్లాటు మాత్రం అత్తగారిది. అత్తగారు జినైదా పావ్లొవ్న రొట్టెల ఫ్యాక్టరీలో షిఫ్టు పెద్ద. ఆవిడ అరిస్తే పులవని పిండి కూడా పొంగుతుందని పేరు. తొమ్మిది మ్యాచ్‌ల సంగతి, ఏడో అంశం సంగతి ఆవిడకి డైరెక్టర్ కంటే బాగా తెలుసు. సోమవారం నుంచి అల్లుడికి బట్టీ దగ్గర పని మాట్లాడి పెట్టింది. అతని కొలతకి తెల్లకోటు దొరక్కపోతే రెండు కోట్లు విప్పి ఒకటిగా కుట్టించింది. అది వారం రోజులుగా తలుపు వెనక కొక్కేనికి వేలాడుతూ, జఖార్ ఎప్పుడు గదిలోకొచ్చినా మనిషి నిలబడ్డట్టు కనిపించి ఉలిక్కిపడేట్టు చేసేది.

జఖార్‌కి రొట్టె అంటే కోపమేం లేదు. రోజుకి ఒకటిన్నర తినేవాడు. కాకపోతే నాలుగేళ్ళ వయసు నుంచీ ఎవరైనా "నువ్వేం చేస్తావ్?" అనడిగితే చెప్పడానికి అతని దగ్గర ఉన్నది ఒకే ఒక్క జవాబు, 'హాకీ ఆడతాను' అని. ఇంకో రెండేళ్ళు ఆ జవాబు చెప్పుకోవాలని ఉంది, అంతకంటే ఏమీ లేదు. బల్ల మీద కూర్చునైనా సరే.

శనివారం సీజన్‌లో ఆఖరి మ్యాచ్. అదీ సల్దిన్‌స్క్‌తో. సల్దిన్‌స్క్ మాకు నలభై కిలోమీటర్లు. వాళ్ళ చేతిలో ఓడితే మళ్ళీ చలికాలం వచ్చేదాకా వాళ్ళ ఊరి సంతకి ఉప్పులో వేసిన దోసకాయలు కొనడానికి కూడా మేం వెళ్ళలేం. అంత పరువు సమస్య.

సాయంత్రం బయల్దేరేటప్పుడు రిమ్మా భర్త చెయ్యి పట్టుకుని ఆపింది. "ఉండు, ఒక్క నిమిషం కూర్చుని వెళ్ళు. ముఖ్యమైన ప్రయాణం కదా." బయల్దేరేముందు అలా కూర్చోకపోతే దారిలో శని పడుతుందని మా వాళ్ళ నమ్మకం. జఖార్ వినయంగా స్టూలు మీద కూర్చున్నాడు. స్టూలు మూలిగింది.

వంటింట్లోంచి అత్తగారి గొంతు వచ్చింది. "ఇంట్లో కూడా కూర్చోబెడతావేంటే? అక్కడికెళ్ళి చేసేదీ అదేగా!"

"అమ్మా, ఊరుకో."

"ఊరుకోక ఏం చేస్తాన్లే. అల్లుడూ, బట్టీ దగ్గర కుర్చీ ఉండదు, ఇప్పుడే చెప్తున్నా. నిలబడే పని. నీకు కాస్త కొత్తగా ఉంటుంది."

"సరే అత్తయ్యా," అన్నాడు జఖార్.

"ఇవాళేమైనా దింపుతారా నిన్ను?"

"దింపరు."

"మరి ఎందుకు వెళ్తున్నావ్?"

జఖార్ కాస్త ఆలోచించి, "మ్యాచ్ ఉంది కదా," అన్నాడు. అత్తగారు గరిటె పక్కన పెట్టి అతని మొహంలోకి చూసింది. వెక్కిరింపేమో అని వెతికింది. దొరకలేదు. జఖార్ దగ్గర అది ఎప్పుడూ ఉండేది కాదు. అదే ఆవిడ్ని ఎక్కువ మండించేది. క్యాబేజీ కూరిన పిరోష్కీ బన్నులు ఒక సంచీ నిండా, టీ ఫ్లాస్కు ఒకటి సర్దుకుని, "పద, నేనూ వస్తా. ఆఖరిసారి కూర్చోడం చూసి వస్తా," అంది.

మైదానం కిటకిటలాడుతోంది. జినైదా పావ్లొవ్న సీటు మూడో వరుసలో, సరిగ్గా డైరెక్టర్ వెనక. ఆయన గొర్రెతోలు టోపీ ఆవిడకి సగం మైదానం కనిపించకుండా చేసింది. "టోపీ తియ్యండి," అంది. ఆయన తియ్యలేదు. ఆవిడ మెడలో చుట్టుకున్న మఫ్లరు కాస్త వదులు చేసుకుని ఒక పిరోష్కీ కొరికింది. చూసినవాళ్ళు అది మంచి సూచన కాదని గ్రహించి కాస్త దూరం జరిగారు.

ఆట గురించి చెప్పాలంటే ఒక పుస్తకం రాయాలి. సల్దిన్‌స్క్ వాళ్ళు మా వాళ్ళని కర్రలతో కొట్టారు, మా వాళ్ళు వాళ్ళని కర్రలు లేకుండా కొట్టారు. ఆఖరిదైన మూడో భాగం చివరికొచ్చేసరికి మేం మూడు, వాళ్ళు రెండు. జఖార్ బల్ల చివర కూర్చుని ఉన్నాడు. పక్కన కెప్టెన్ షుమకోవ్ వగరుస్తూ వచ్చి కూలబడ్డాడు.

"ఏరా ఖైదీ, చలేస్తోందా?"

"కాళ్ళు తిమ్మిరెక్కాయన్నా."

"సోమవారం నుంచి బట్టీ దగ్గర వెచ్చగా ఉంటుందిలే." అని, తన మాటకి తనే సిగ్గుపడి, జఖార్ హెల్మెట్ మీద ఒకటి కొట్టాడు. "ఒరేయ్, నా చేతిలో ఉంటేనా, ఎప్పుడో దింపేవాణ్ణి."

"తెలుసన్నా."

ఆట ముగియడానికి రెండు నిమిషాల పైచిలుకు ఉందనగా కోచ్ "మారండి!" అని అరిచాడు. షుమకోవ్ మహావీరుడు, కాని అంకెలతో అతనికి బడిలోనే గొడవ. బయటికి రావాల్సినవాడు ఇంకా రాలేదు. ఇతను చెక్క గోడ మీంచి దూకి, ఎదురుగా జారుతున్న రబ్బరు బిళ్ళని, అదే పక్‌ని కర్రతో అందుకున్నాడు కూడా. మంచు మీద ఆరుగురు. రిఫరీ చెయ్యెత్తాడు. ఈల. గడియారం రెండు నిమిషాల నాలుగు సెకన్ల దగ్గర ఆగింది.

కోచ్ మొహం బీట్‌రూట్ సూప్ అయిపోయింది. కెప్టెన్‌ని, కెప్టెన్ తాతముత్తాతల్ని, అతనికి కూడికలు నేర్పిన పంతులమ్మని వరసగా తలుచుకున్నాడు. ఆ ఊపులో, రెండు నెలలుగా పళ్ళ వెనక దాచిపెట్టిన మాట ఒక్కసారిగా బయటికి దూకింది:

"బెర్ద్నికొవ్, కూర్చో!"

"కూర్చునే ఉన్నానండీ," అన్నాడు జఖార్.

"అక్కడ, ఎద్దూ! బోనులో!"

ఆట ఆగి ఉండగా జఖార్ మంచు దాటి బోనులోకి వెళ్ళాడు. తలుపు కాపలా ప్రోఖర్ తాతది. "వచ్చావా నాయనా! కొత్త సంవత్సరం నుంచీ కనబడ్లేదు, బెంగెట్టుకున్నా. కూర్చో, నీ చోటు ఎవరికీ ఇవ్వలేదు," అంటూ తాత బల్లని చేత్తో తుడిచాడు. జఖార్ కూర్చుని పైన గడియారం చూశాడు. రెండు నిమిషాలు బోనుకి పోతే నాలుగు సెకన్లు. లెక్క చూసుకున్నాడు. మళ్ళీ చూసుకున్నాడు. నాలుగే. ఏడో అంశం అతనికి కంఠతా వచ్చు. జనవరి నుంచి తిమ్మిరెక్కి ఉన్న కాళ్ళని రెండు చేతులా రుద్దుకోవడం మొదలెట్టాడు.

సరిగ్గా అదే లెక్క రెండో వరుసలో గొర్రెతోలు టోపీ కింద కూడా పూర్తయింది. ఆట మళ్ళీ మొదలైందో లేదో, డైరెక్టర్ కిందికి పరిగెత్తి బల్ల వెనక అద్దాన్ని గుద్దాడు.

"ఫాద్దెయ్! ఎవర్ని పెట్టావక్కడ?"

"ఎవర్నీ..." అంటూ కోచ్ ఎదురుగా చూశాడు. అతని దవడ జారింది. "అలవాటండీ. నోరు జారింది."

"వాణ్ణి బయటికి రావొద్దని చెప్పు. తలుపు తీసినా లోపలే ఉండమను."

కోచ్ మైదానం వైపు చూశాడు. సల్దిన్‌స్క్ వాళ్ళు గోల్‌కీపర్‌ని కూడా తీసేసి ఆరో ఆటగాణ్ణి దింపారు. ఆరుగురి మధ్య మా నలుగురు, కుక్కల మధ్య పిల్లుల్లా తిరుగుతున్నారు. ఇరవై ఏళ్ళుగా కోచ్ పని చేస్తున్న మనిషి. భయం ఉంది, ఉద్యోగం మీద ఆశ ఉంది, కాని కళ్ళ ముందు ఆరుగురికి నలుగురున్నారు. "నాకు మనిషి కావాలి, ఇన్నొకెంతి స్తెపానొవిచ్," అన్నాడు బొంగురుగా. "మీరు గేదెని పంపినా దింపుతాను. నాలుగు సెకన్లకైనా దింపుతాను."

"అయితే ఒక గోలు పోనియ్!"

ఇక్కడ డైరెక్టర్‌ది తెలివైన ఆలోచనే, ఒప్పుకోవాలి. గోలు పడితే శిక్ష అక్కడితో రద్దు. గడియారం ఆగి ఉంటుంది. జఖార్ నడుచుకుంటూ బల్లకి వచ్చేస్తాడు, మ్యాచ్ లెక్కలోకి రాదు. తప్పల్లా ఒక్కటే. ఆ మాట ఆయన ఇంకోసారి గట్టిగా అనబోయేముందు రిఫరీ ఈల వేశాడు, ఆట ఆగింది, మూడు వేలమంది ఊపిరి బిగబట్టుకుని ఉన్నారు, మైదానం మొత్తం గుడిలా నిశ్శబ్దమైంది. అంత నిశ్శబ్దంలో మా క్లబ్బు డైరెక్టర్ గొంతు స్పష్టంగా వినిపించింది:

"సల్దిన్‌స్క్ వాళ్ళని కొట్టనియ్యండయ్యా, ఒక్క గోలేగా!"

ఆ తర్వాత జరిగింది తుగులిన్‌స్క్ చరిత్రలో ఒక పేజీ. మొదట పొద్దుతిరుగుడు గింజల పొట్టు వర్షం కురిసింది. తర్వాత ఎవరిదో చేతి తొడుగు. తర్వాత మెట్ల మీద నుంచి జినైదా పావ్లొవ్న దిగింది. ఆవిడకి అల్లుడు బట్టీ దగ్గరికి రావాలి, కోటు కుట్టించి ఉంది, ఈ గోలు పడితే ఆవిడకి కావాల్సింది జరుగుతుంది. అవన్నీ ఆవిడకి తెలుసు. కాని ఆవిడ పుట్టింది తుగులిన్‌స్క్‌లో, మొగుణ్ణి పాతిపెట్టింది తుగులిన్‌స్క్‌లో.

"ఏవయ్యా, ఎవరు కొట్టాలి? ఎవరికి కొట్టాలి?"

"మీకు తెలీదు, పక్కకి జరగండమ్మా. ఇది పాలనకి సంబంధించిన విషయం."

"పాలనో పెరుగో, కూర్చో!"

"పక్కకి తప్పుకో, పిండి ముద్దా!"

ఈ మాట ఆయన అనకుండా ఉండాల్సింది. ఆ మాటే అనకపోతే జఖార్ కథ ఇంకోలా ముగిసేదేమో. ఆవిడ ముప్పై ఏళ్ళు పిండి పిసికిన రెండు చేతులూ ఆయన భుజాల మీద వేసి కిందికి నొక్కింది. ఆయన మెట్టు మీద కూర్చున్నాడు. ఆయన్ని కూర్చోబెట్టి, పక్కనే తనూ కూర్చుని, ఆయన ఒళ్ళో పిరోష్కీల సంచీ పెట్టి, దాని మీద తన మోచెయ్యి ఆనించింది. "ఇప్పుడు చూద్దాం ఆట," అంది.

మా నలుగురూ రెండు నిమిషాలు కాచారు. ఎలా కాచారో వాళ్ళకీ తెలీదు. షుమకోవ్ ఒక పక్‌ని పొట్టతో ఆపి, ఇంకోదాన్ని ఇంతకుముందే పక్ తగిలిన చోటుతో ఆపి, లేవలేక మోకాళ్ళ మీదే ఆడాడు. బోనులో జఖార్ నిలబడి తలుపు పట్టుకున్నాడు. ప్రోఖర్ తాత గడియారం చూస్తూ అంకెలు పైకి లెక్కపెడుతున్నాడు. "పది... తొమ్మిది... నాయనా, నిదానం... ఆరు..." శిక్ష పూర్తయింది. తాత గడియ తీశాడు.

రెండు గంటలు చలిలో కూర్చున్న ఆరడుగుల నాలుగంగుళాల మనిషి ఒక్కసారిగా ఎలా దూకుతాడో ఊహించుకోండి. ఊహించలేరు. జఖార్ కూడా ఊహించలేదు. మొత్తం బోనుతో సహా కదిలినట్టు కనిపించింది. అదే సమయానికి పక్ ఎక్కడినుంచో అతని వైపు వచ్చింది, అవతలి గోలు ఖాళీగా ఉంది, జనం లేచి నిలబడ్డారు, అందరూ ఒకేసారి అరిచారు, నిలబడ్డవాళ్ళు వెనకవాళ్ళకి అడ్డమయ్యారు, ఆట ముగిసిన కూత మోగింది. మూడు, రెండు. మేం గెలిచాం. టోపీలు గాల్లోకి లేచాయి. గొర్రెతోలుది కూడా లేచింది, దాని యజమాని ఇష్టం లేకుండా.

కాని జఖార్ స్కేటు మంచును తాకిందా? తాకితే కూతకి ముందా, తర్వాతా? అది ఎవరూ సరిగ్గా చూడలేదు. సరిగ్గా చూడలేదు కాబట్టే అందరూ చెప్పడానికి సిద్ధంగా ఉన్నారు.

పావుగంటకి డైరెక్టర్ ఒప్పందం కాగితం చేత్తో పట్టుకుని దుస్తులు మార్చుకునే గదిలోకి వచ్చాడు. కోటు నిండా క్యాబేజీ. వెనకే జినైదా పావ్లొవ్న, "మగాళ్ళు బట్టలు మార్చుకుంటున్నారు" అని అడ్డుపడ్డవాణ్ణి పక్కకి తోసి వచ్చింది. జఖార్ అప్పటికింకా హెల్మెట్ కూడా తియ్యలేదు.

"కూత మోగాక దిగాడు," అన్నాడు డైరెక్టర్. "మ్యాచ్ చెల్లదు. తొమ్మిదే."

"చెల్లదా?" షుమకోవ్ ఐసుగడ్డ పొట్ట మీంచి తీసి లేచాడు. "నేను పక్కనే ఉన్నా. వీడు మైదానం మధ్య గీత దాకా వెళ్ళాడు. వెళ్ళి, తిరిగి, మళ్ళీ వెళ్ళాడు."

"తిరిగాడా? వీడా?" అన్నాడు డైరెక్టర్. గదిలో ఒకరిద్దరు నవ్వాపుకోలేకపోయారు.

"పిడుగండీ," అన్నాడు ప్రోఖర్ తాత. "నేను తలుపు తీసిన గాలికి నా టోపీ పోయింది. చూడండి, ఇంకా దొరకలేదు."

"టోపీ నీ తల మీదే ఉంది తాతా."

"ఇది వేరేది."

జినైదా పావ్లొవ్న ముందుకొచ్చింది. "తలతో కొట్టాడు," అంది గట్టిగా. "పక్‌ని. నేను ఈ రెండు కళ్ళతో చూశాను. తలతో కొడితే ఎగిరి వెళ్ళి వాళ్ళ గోలులో పడబోయింది, కూత మోగబట్టి గాని."

"మీరేమిటమ్మా మధ్యలో? మీరేగా వీడికి బట్టీ దగ్గర పని చూసింది!"

"చూశాను. ఇప్పుడు ఇవ్వను. పిండి ముద్దలం, మాకెందుకు ఇంత పెద్దవాడు? రెండేళ్ళు మీరే మేపండి. రోజుకి ఒకటిన్నర రొట్టె తింటాడు, చెప్తున్నా."

గది అంతా ఒకేసారి మాట్లాడింది. ఒకడు నాలుగు సెకన్లంటే, ఇంకొకడు ఎనిమిదన్నాడు. ఒక మహానుభావుడు జఖార్ ఇద్దరు సల్దిన్‌స్క్ వాళ్ళని పడగొట్టడం చూశానన్నాడు. వాళ్ళ పేర్లు కూడా చెప్పాడు. డైరెక్టర్ చెయ్యెత్తి అందర్నీ ఆపి, జఖార్ వైపు తిరిగాడు. ఎందుకంటే ఆయనకి ఒక విషయం తెలుసు. పద్నాలుగేళ్ళప్పుడు ఊళ్ళ పోటీ ఫైనల్లో రిఫరీ, "పక్ నీ చేతికి తగిలిందా?" అని అడిగితే, "తగిలింది" అని చెప్పి కప్పు పోగొట్టిన కుర్రాడు ఇతనే. తండ్రి కూడా ఆ రోజు ఒక అబద్ధం నేర్పనందుకు బాధపడ్డాడు. అప్పటినుంచీ ఊళ్ళో ఎవరికి నిజం కావాల్సొచ్చినా జఖార్‌నే అడుగుతారు. అందుకే ఎక్కువమంది అడగరు.

"నువ్వు చెప్పు బెర్ద్నికొవ్. నీ నోటితో నువ్వే చెప్పు. ఏం జరిగింది?"

షుమకోవ్ జఖార్ కాలు తొక్కాడు. తాత దగ్గాడు. అత్తగారు కళ్ళు పెద్దవి చేసింది. జఖార్ హెల్మెట్ తీసి ఒళ్ళో పెట్టుకుని, ఏం జరిగిందో చెప్పాడు. అయిదారు ముక్కలు, అంతే. షుమకోవ్ తల పట్టుకున్నాడు. డైరెక్టర్ కాగితం విప్పి, ఏడో అంశం మళ్ళీ చదువుకుని, తను చేర్చిన వాక్యం దగ్గర చాలాసేపు ఆగాడు. పెదాలు కదిపి ఒక్కొక్క పదమే చదివాడు. తర్వాత షుమకోవ్ వీపు మీద కాగితం ఆనించి సంతకం పెట్టాడు. రెండేళ్ళు.

ఆ రెండేళ్ళూ జఖార్ గోర్న్‌కే ఆడాడు. గోలు ఒక్కటీ కొట్టలేదు, మలుపు తిరగడం కాస్త నేర్చుకున్నాడు. ఇరవై ఆరో ఏట ఎడమ మోకాలు వద్దంది, అతనూ సరేనన్నాడు. ఎవరైనా "నువ్వేం చేస్తావ్?" అంటే ఇప్పటికీ అదే జవాబు చెప్తాడు, కాకపోతే 'ఆడతాను' బదులు 'ఆడేవాణ్ణి' అంటాడు. మైదానం కింద నేలమాళిగలో స్కేట్లకి పదును పెట్టే పని అతనిదే. అక్కడికి వచ్చిన ప్రతివాడూ పదో మ్యాచ్ ఎత్తుతాడు. ఇప్పటికి ఆ నాలుగు సెకన్లలో జఖార్ రెండు గోల్సు కొట్టాడు, ఒక సల్దిన్‌స్క్ వాణ్ణి అద్దం దాటించాడు, జినైదా పావ్లొవ్న డైరెక్టర్‌ని ఒంటిచేత్తో మంచు మీదికి విసిరింది. వచ్చే ఏడాదికి ఇంకో గోలు పడుతుంది, నాకు అనుమానం లేదు. జఖార్ రాయి తిప్పడం ఆపకుండా, తల ఎత్తకుండా, ఆ సాయంత్రం డైరెక్టర్‌తో చెప్పిన మాటలే చెప్తాడు:

"గీత దాకా వెళ్ళలేదండీ. తలుపు గడపకి కాలు తట్టుకుని బోర్లా పడ్డాను. పక్ నా హెల్మెట్‌కి తగిలి గోడ వైపు పోయింది. ఎడమ స్కేటు బోనులోనే ఉండిపోయింది. కుడిది మంచుకి తగిలింది. అప్పటికి గడియారంలో ఇంకో సెకను ఉంది."